పెద్ద సినిమాలో చిన్న సినిమా ఆడిన రేలంగి

తాడేపల్లిగూడెం పేరు చెబితే పాతతరం వారికి రేలంగి గుర్తుకొస్తారు. రేలంగి వెంకట్రామయ్య స్థిరపడిందీ, తన పేర సినిమా హాలు కట్టించిందీ ఈ ఊళ్లోనే. 1910లో పుట్టి కాకినాడలో పెరిగారు. తండ్రి హరికథలు చెప్పేవారు, సంగీతం నేర్పేవారు. కొడుక్కి నాటకాల పిచ్చి. యంగ్‌మెన్స్ హ్యాపీ క్లబ్బులో చేరి, ఆడవేషాలతో సహా దొరికిన వేషమల్లా వేశారు.

1935లో సి.పుల్లయ్య కలకత్తాలో తీసిన 'శ్రీకృష్ణ తులాభారం'తో తెరకెక్కారు గాని దశ తిరగలేదు. పద్నాలుగేళ్లు చిల్లర వేషాలే. పొట్ట గడవాలి కనుక పుల్లయ్య దగ్గరే నటులను కుదర్చడం మొదలు ప్రొడక్షన్ పనుల దాకా చూసుకున్నారు. మరొకరైతే పెట్టె సర్దుకుని ఇంటికొచ్చేసేవారే!

ఆ రోజుల్లో హాస్యానికి విడిగా పొట్టి చిత్రాలు తీసేవారు. 1940లో 'బారిస్టరు పార్వతీశం', 'బొండాం పెళ్లి' జంటగా వచ్చాయి. క్రమంగా ఆ రివాజు పోయింది. పొట్టి చిత్రం మాత్రం పెద్ద చిత్రంలోకి దూరింది. హీరో కథ పక్కనే హాస్యగాడికి ఒక ప్రేమ, ఒక తగవు, ఒక పెళ్లి. అంతా కలిపితే పావుగంటో అరగంటో. రేలంగి ప్రయోగాలన్నీ ఆ కాస్త జాగాలోనే.

1949లో 'గుణసుందరి కథ'తో పేరొచ్చింది. ఆ చిత్రంలో హీరో కస్తూరి శివరావు. ఆయన మాటతో నవ్విస్తే రేలంగి మాటకు ముందు ఆగి, ఆ ఆగడంతో నవ్వించారు. 'మిస్సమ్మ' (1955)లో దేవయ్య డబ్బును తైలమన్నాడు. ఊళ్లన్నీ తైలమనే అన్నాయి. ఆ పాత్ర పాటలు ఆయనే పాడుకున్నారు. తండ్రి నేర్పిన సంగీతం ఊరికే పోలేదు.

అన్నిటికన్నా కష్టమైంది 'మాయాబజార్' (1957)లో లక్ష్మణకుమారుడి వేషం. పెళ్లిపీటల మీద మాయాశశిరేఖ కాలు తొక్కుతుంది, భయంకర రూపం చూపుతుంది. చూసేది అతనొక్కడే, పక్కనున్న వారికి అదేమీ తెలియదు. ప్రాణం పోతున్న భయం, పెళ్లికొడుకు దర్జా రెండూ ఒకే ముఖంలో కనపడాలి. కొల్లేటి లంకల నుంచి ఏలూరు వచ్చి ఆట చూసిన వారికి ఈ తంటా ఎవరూ విడమరచి చెప్పనక్కర్లేదు. 'నర్తనశాల' (1963)లో ఉత్తరకుమారుడూ అలాంటివాడే. అంతఃపురంలో కోతలు, కౌరవసేన కనపడగానే పరుగు. పిరికివాణ్ణి చూసి నవ్వుతూనే జాలిపడేటట్టు చేశారు. విలన్‌గా ఆడితే ఇది కుదరదు, ఉత్త బఫూన్‌గా ఆడినా కుదరదు.

గిరిజ, సూర్యకాంతం సరసన వేసిన వేషాలకు లెక్కలేదు. కొన్నిట్లో ఆడిందే ఆడారు. ఏడాదికి అన్నేసి చిత్రాలు చేస్తే తప్పదు మరి.

1970లో పద్మశ్రీ వచ్చింది. చివరి రోజుల్లో తీవ్రంగా జబ్బుపడి 1975 నవంబరులో తాడేపల్లిగూడెంలోనే కన్నుమూశారు.