మాడపాటి హనుమంతరావు పంతులుగారు



మన పల్లెలలోని పెద్దలకు వెట్టి అను మాట క్రొత్తది కాదు. కూలి లేక మూటలు మోయుట, దొరగారి యింటికి కట్టెలు కొట్టుట, చెప్పులు కుట్టి యూరక యిచ్చుట మన తాతలు పడిన పాట్లే. ఆ భారమును తగ్గింప శ్రమించిన ఒక పెద్దమనిషిని గూర్చి ఈ నెల చెప్పదలచితిమి. ఆయన హైదరాబాదు నగరపు మొదటి మేయరు, మాడపాటి హనుమంతరావు పంతులుగారు.

ఆయన 1885వ సంవత్సరము జనవరి 22వ తేదీన కృష్ణా జిల్లా నందిగామ తాలూకాలోని పొక్కునూరులో జన్మించెను. నైజాము రాజ్యములో చదువుకొని, హనుమకొండలో చిన్న ఉద్యోగము చేసి, తరువాత హైదరాబాదు చేరి వకీలాయెను. ఉర్దూ బాగుగా నేర్చినవాడైనను తన తెలుగును మరువలేదు.

ఆ రాజ్యములో సుమారు సగము మంది తెలుగువారే. అయినను కచేరీలలోను పెద్ద చదువులలోను ఉర్దూదే అధికారము. 1921వ సంవత్సరము నవంబరు మాసమున నగరములో ఒక సంఘ సంస్కార సభ జరిగెను. మహర్షి కర్వేగారు అధ్యక్షులు. ఇతర భాషలలో మాటలాడినవారిని సభవారు నెమ్మదిగా వినిరి. ఆలంపల్లి వెంకటరామారావుగారు తెలుగులో మొదలుపెట్టగనే గేలిచేసి కూర్చుండబెట్టిరి. ఆ అవమానమునుండియే ఆంధ్ర జనసంఘము పుట్టెను. పంతులుగారు దానికి కార్యదర్శియై దానిని పెంచిరి.

వారు చేసిన పనిలో మాకు మిక్కిలి నచ్చినది ఇది. వెట్టిని అదుపుచేయుటకు ప్రభుత్వమువారే కొన్ని ఉత్తర్వులు ఇచ్చియుండిరి. కాని అవి కాగితములలోనే పడియుండెను. ఊరివానికి వాటి సంగతే తెలియదు; తెలిసిన దేశముఖు చెప్పడు. సంఘమువారు ఆ ఉత్తర్వులను వెదకి తీసి, చిన్న పుస్తకములుగా తెలుగులో అచ్చువేయించి పల్లెలకు పంపిరి. తనకు హక్కు కలదని తెలియనివానికి ఆ హక్కు లేనట్టే గదా!

ఆడపిల్లల చదువు ఆయనకు మరియొక భారము. 1928లో నగరములో తెలుగు బాలికల పాఠశాలను స్థాపించిరి. అది పెరిగి ఉన్నత పాఠశాల యైనప్పుడు, బోధన తెలుగులో జరుగుచున్నందున ఉస్మానియా విశ్వవిద్యాలయపు గుర్తింపు దొరకలేదు. ఆయన తెలుగును వదలక, కర్వేగారి మహిళా విశ్వవిద్యాలయముతో పాఠశాలను చేర్చిరి. తెలుగు గేలికి గురియైన సభకు అధ్యక్షులుగా నుండినవారి సంస్థయే తెలుగు బాలికలకు దారి చూపెను. నారాయణగూడలోని ఆ పాఠశాలకు తరువాత పంతులుగారి పేరే నిలిచెను. సోమాజిగూడ, అమీర్‌పేటల మీదుగా నగరములోనికి పోవు మన పిల్లలు దీనిని ఎరిగియుండుట మంచిది.

1935లో సిరిసిల్లలో కూడిన ఆంధ్ర మహాసభకు ఆయన అధ్యక్షుడాయెను. ఆయన మార్గము నెమ్మదిది. అర్జీలు, చర్చలు, చట్టము. యువకులకు ఆ నడక చాలలేదు. వెట్టి పుస్తకములతోనే పోలేదను వారి మాటయు నిజమే. ఉత్తర్వును లక్ష్యపెట్టని దొరలు అనేకులు. 1944లో భువనగిరి సభతో మహాసభ రెండుగా చీలెను. అయినను, తరువాత ఎదిరించి నిలిచిన రైతులకు తల యెత్తుట ముందుగా నేర్పినది ఈ నెమ్మది పనియే అని మా తలంపు.

1951లో, అరువదియారేండ్ల ప్రాయమున, ఆయన హైదరాబాదుకు మొదటి మేయరుగా ఎన్నికాయెను. అప్పటికి సికింద్రాబాదుకు వేరే కార్పొరేషను ఉండెను. 1960లో ఆ రెండును ఒకటాయెను. 1955లో పద్మభూషణ బిరుదము లభించెను. 1958లో ఆంధ్రప్రదేశ్ శాసనమండలి ఏర్పడినప్పుడు దాని మొదటి అధ్యక్షుడై, 1964 వరకు ఆ పీఠముపై నుండెను. 1970వ సంవత్సరము నవంబరు 11న కన్నుమూసెను. జనులు ఆయనను ఆంధ్ర పితామహుడని పిలిచిరి.

పదవులు ఆయనకు వృద్ధాప్యములో వచ్చినవి. పని మాత్రము యౌవనములోనే, ఎవరును మెచ్చని దినములలోనే మొదలాయెను. నేడు మన ఊళ్లలోను కూలివానికి, విధవరాలికి, వృద్ధునికి మేలుచేయు ఉత్తర్వులు ఎన్నో కాగితములలో నిద్రించుచున్నవి. చదువు వచ్చిన మనము వాటిని చదువరాని పొరుగువానికి ఒక సాయంకాలము చదివి వినిపింతుమా? దానికి మేయరు పదవి అక్కరలేదు. ఒక దీపము, కొంచెము ఓపిక చాలును.