పైడి జైరాజ్

దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం పొందిన తెలుగువారెవరని అడిగితే బి.ఎన్.రెడ్డి, ఎల్.వి.ప్రసాద్, నాగిరెడ్డి, అక్కినేని గార్ల పేర్లు మన విద్యార్థులు తడుముకోకుండా చెప్పగలరు. 1980వ సంవత్సరపు పురస్కార గ్రహీత పైడి జైరాజ్ మాత్రం చాలమందికి స్ఫురించరు. ఆయన కీర్తి హిందీ చిత్రాల ద్వారా వచ్చినది కావడమే కారణం కాబోలు.

జైరాజ్ 1909 సెప్టెంబరు 28న కరీంనగర్‌లో జన్మించారు. హైదరాబాదు నిజాం కళాశాలలో చదివారు. నటనపై మక్కువతో 1929 ప్రాంతంలో బొంబాయి చేరి మూకీ చిత్రాలలో ప్రవేశించారు. ఆనాటి కథానాయకునికి కావలసినవి చక్కని విగ్రహము, దేహదారుఢ్యము. మాటతో పనిలేదు.

1931లో 'ఆలం ఆరా'తో తెరకు మాట వచ్చింది. అంతవరకు వెలిగిన తారలలో కొందరు హిందూస్తానీ పలుకుబడి చేతకాక మరుగున పడ్డారు. జైరాజ్ నిలిచారు. తెలుగింట పుట్టినా, కచేరీలోను బజారులోను ఉర్దూ వినిపించే నగరంలో చదువుకున్న యువకుడాయన. ఉర్దూ, తెలుగు విద్యార్థులు ఒకే బల్లపై కూర్చునే మన కళాశాలలో ఈ సంగతి ప్రత్యేకించి చెప్పుకోదగినది. పొరుగువాని భాష ఆయనకు అరువది సంవత్సరాలకు పైగా జీవిక నిచ్చింది.

బొంబాయి టాకీస్ వారి 'భాభీ' (1938)లో నాయకుడు. 'హమారీ బాత్' (1943)లో దేవికారాణి సరసన నటించారు. 1945లో దిలీప్ కుమార్ నాయకుడుగా 'ప్రతిమ'కు దర్శకత్వం వహించారు. పిదప చారిత్రక, జానపద పాత్రలకు ఆయన పెట్టింది పేరు. హాతింతాయి ఆయనే, చంద్రశేఖర్ ఆజాద్ ఆయనే. టిప్పు సుల్తానుగాను, పృథ్వీరాజ్ చౌహాన్‌గాను కూడ ప్రేక్షకులు ఆయననే చూచారు. ఆ తలపాగా, ఈ కిరీటము రెండును ఆ శిరస్సుపై ఒప్పినవి.

వయసు మీరగా నాయక పాత్రలు తొలగిపోయాయి. ఈ దశలో అభిమానం అడ్డువచ్చి ఇంట కూర్చున్న నటులు లేకపోలేదు. జైరాజ్ చిన్న వేషాలను చిన్నతనంగా భావించలేదు. 'నైన్ అవర్స్ టు రామా' (1963) అను ఆంగ్ల చిత్రంలో బిర్లాగా కనిపించారు. 'షోలే' (1975)లో పోలీసు కమిషనరు ఆయనే. ఆ చిత్రాన్ని పదేపదే చూచిన సికింద్రాబాదు ప్రేక్షకులలో ఎందరికి ఆ కమిషనరు మన కరీంనగర్‌వాడని తెలుసు? 'డాన్' (1978)లోను ఆయన పాత్ర చిన్నదే. నా దృష్టిలో కిరీటాలు ధరించిన కాలం కంటె ఈ కాలమే ఆయన నటజీవితంలో గౌరవింపదగినది.

2000 ఆగస్టు 11న ముంబయిలో కన్నుమూశారు. హైదరాబాదు రవీంద్రభారతిలోని ప్రివ్యూ థియేటరుకు తరువాత ఆయన పేరు పెట్టారు.