పద్దులు చూపమన్న ప్రధాని



ప్రత్యేక సంచికకు ఒక మహనీయుని గురించి రాయమని కార్యదర్శిగారు కోరగానే నాకు ఇరాన్ ప్రధాని డాక్టర్ మహమ్మద్ మొసాదెగ్ గుర్తుకొచ్చారు. నా ఉద్యోగమంతా లెడ్జర్ల మధ్యనే గడిచింది. ఆయన జీవితం కూడా లెక్కలతోనే మొదలైంది. నా అభిమానానికి కారణం అదే.

ఆయన 1882లో టెహరాన్‌లో ఉన్నత కుటుంబంలో జన్మించారు. చిన్నతనంలోనే తండ్రి పోయారు. ఇంచుమించు పదిహేనేళ్ళకే ఖొరాసాన్ రాష్ట్రపు పన్ను లెక్కల బాధ్యత ఆయన మీద పడింది. తరువాత స్విట్జర్లాండులో న్యాయశాస్త్రం చదివి డాక్టరేట్ పొందారు.

1901లో ఇరాన్ రాజు డార్సీ అనే వ్యాపారికి 60 ఏళ్ళపాటు చమురు హక్కులు రాసిచ్చాడు. దేశానికి దక్కేది నికర లాభంలో 16 శాతం. 1908లో చమురు పడింది. 1914లో తన నౌకాదళం కోసం బ్రిటిష్ ప్రభుత్వమే ఆ కంపెనీలో సగానికి పైగా వాటా కొన్నది. 1933లో గడువును 1993 దాకా పొడిగించారు.

నికర లాభమంటే ఏమిటో మనకు తెలియనిది కాదు. ఖర్చులు ఎంత రాస్తే లాభం అంత తగ్గుతుంది. ఆ పద్దులు తనిఖీ చేసే అవకాశం ఇరాన్‌కు లేదు. చివరి సంవత్సరాల్లో కంపెనీ ఇరాన్‌కు ఇచ్చిన దానికన్నా బ్రిటన్‌కు కట్టిన పన్నే ఎక్కువ.

1951 మార్చిలో ఇరాన్ పార్లమెంటు చమురును జాతీయం చేసింది. ఏప్రిల్‌లో మొసాదెగ్ ప్రధాని అయ్యారు. బ్రిటన్ ఆ చమురును ఎవరూ కొనకుండా అడ్డుకుంది. ఆయన న్యూయార్క్ వెళ్ళి భద్రతా మండలిలోనూ, హేగ్ వెళ్ళి అంతర్జాతీయ న్యాయస్థానంలోనూ దేశం తరఫున నిలబడ్డారు. 1952 జూలైలో ఆ కేసు తన పరిధిలోకి రాదని న్యాయస్థానం తేల్చింది. మెజారిటీ పక్షాన ఓటు వేసిన వారిలో బ్రిటిష్ న్యాయమూర్తి కూడా ఉన్నారు!

లెక్క రాసేవాడు రెండు వైపులా రాయాలి. చమురు అమ్ముడుపోక ఖజానా కృశించింది. 1953 ఆగస్టులో పార్లమెంటు రద్దుకు జరిపిన ప్రజాభిప్రాయ సేకరణలో ఔను, కాదు ఓట్లకు వేర్వేరు చోట్లు పెట్టారు. రహస్య ఓటు లేకుండా పోయింది. న్యాయశాస్త్రవేత్త అలా చేయడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

ఆ నెల 19న సైనిక కుట్రలో ఆయన పదవి పోయింది. దాని వెనుక తన హస్తం ఉందని చూపే పత్రాన్ని అమెరికా గూఢచారి సంస్థ సీఐఏ 2013లో బయటపెట్టింది. 1954లో ఏర్పడిన కొత్త కంపెనీల కూటమిలో పాత బ్రిటిష్ కంపెనీకి 40 శాతం, అమెరికన్ కంపెనీలకు 40 శాతం వాటాలు దక్కాయి.

మొసాదెగ్‌కు మూడేళ్ళ జైలు, తరువాత సొంత ఊరు అహ్మదాబాద్‌లో గృహ నిర్బంధం. 1967 మార్చి 5న కన్నుమూశారు. 1952 జూలైలో తన కోసం వీధుల్లో ప్రాణాలిచ్చిన వారి పక్కన పూడ్చమని కోరుకున్నారు. షా ప్రభుత్వం ఒప్పుకోలేదు. ఇంట్లోని గదిలోనే సమాధి చేశారు.

పద్దు పుస్తకం చూపమనడం ఆడిటరు చేసే మామూలు పని. ఒక దేశం అదే అడిగినందుకు ఆయన ఇంత మూల్యం చెల్లించారు. ఆ పెద్దాయనకు నా నివాళి.