మహానటి సావిత్రి

గుంటూరు జిల్లా చిర్రావూరులో జన్మించిన సావిత్రి పసితనముననే తండ్రిని కోల్పోయి, విజయవాడలో పెదతండ్రి కొమ్మారెడ్డి వెంకటరామయ్య చౌదరి సంరక్షణలో పెరిగారు. అచట శిష్ట్లా పూర్ణయ్యశాస్త్రి వద్ద సంగీత నాట్యములు అభ్యసించి, బాల్యముననే నాటకరంగంపై అడుగిడారు.

మద్రాసు చేరిన పిదప, 1950లో ‘సంసారం’ చిత్రంలో కథానాయిక పాత్ర వచ్చినట్లే వచ్చి చేజారింది. చిన్న వేషమే మిగిలింది. మరుసటి ఏట ‘పాతాళభైరవి’లో దక్కినది ఒక్క నాట్యమే. అయినను ఆమె వెనుదిరగలేదు. 1953లో ‘దేవదాసు’లోని పార్వతి పాత్ర ఆమెకు ఎనలేని కీర్తి తెచ్చింది. 1957 నాటి ‘మాయాబజార్’లో శశిరేఖ రూపు దాల్చిన ఘటోత్కచునిగా, సుకుమారమైన అడుగులలో రాక్షసుని మొరటుదనం మేళవించి ప్రేక్షకులను నవ్వించారు. చిన్ననాటి నాట్యాభ్యాసం అట్లు అక్కరకు వచ్చింది.

1968లో ‘చిన్నారి పాపలు’ చిత్రానికి దర్శకత్వం వహించారు. అది నష్టమే మిగిల్చింది. క్రమంగా ఆస్తి కరిగింది, ఆరోగ్యం క్షీణించింది. మాసాల తరబడి స్పృహ లేని స్థితిలో ఉండి, 1981 డిసెంబరు 26న మద్రాసులో కన్నుమూశారు. 2018లో వచ్చిన ‘మహానటి’ చిత్రం ఆమె జీవితాన్ని నేటి తరానికి పరిచయం చేసింది.

ఆర్జించిన సంపద ఆమె వద్ద నిలువలేదు. పసినాట గురువు వద్ద నేర్చిన విద్య మాత్రం వెండితెరపై నేటికీ చెక్కుచెదరక నిలిచి ఉంది.