వివియన్ లీ

సుప్రసిద్ధ ఆంగ్ల నటీమణి వివియన్ లీ మన డార్జిలింగులోనే 1913 నవంబరు 5వ తేదీన జన్మించింది. ఆరేళ్ల ప్రాయంలో చదువుకై ఇంగ్లండు చేరింది. 1935లో లండన్‌లో "ది మాస్క్ ఆఫ్ వర్ట్యూ" నాటకంతో ప్రఖ్యాతి గడించింది. 1939లో వెలువడిన "గాన్ విత్ ది విండ్" చిత్రంలో స్కార్లెట్ పాత్రకు ఆస్కార్ బహుమతి పొందింది.

అంతటి కీర్తి వచ్చిన పిమ్మట ఎన్ని చిత్రాలైనా ఒప్పుకొనవచ్చును గదా! కాని ఆమె ఆపైన నటించినవి ఎనిమిదే. మనసంతా రంగస్థలం మీదనే. 1949లో లండన్ నాటకంలో ధరించిన బ్లాంష్ పాత్రనే 1951లో తెరపై పోషించి రెండవ ఆస్కార్ అందుకొన్నది. క్షయవ్యాధి, మనోవ్యాధి పీడించినా నాటకం విడువలేదు.

1957లో లండన్‌లోని సెయింట్ జేమ్స్ థియేటరును పడగొట్టబూనినప్పుడు ఆమె వీధుల్లో ఊరేగింపు నడిపింది. ప్రభువుల సభలో ప్రేక్షకుల నడుమ నుండి లేచి అభ్యంతరం చెప్పగా బయటకు పంపివేశారు. థియేటరు మాత్రం దక్కలేదు.

1967 జూలైలో, మరొక నాటకానికి సిద్ధమవుతూ ఉండగానే, 53 ఏళ్ల వయస్సున క్షయతో కన్నుమూసింది. ఆనాటి రాత్రి లండన్ నాటకశాలలు వెలుపలి దీపాలు ఆర్పి ఆమెకు నివాళి అర్పించాయి. నాటకశాల కోసం నిలబడిన నటిని నాటకశాలలు మరువలేదు. నాటకాభిమానులమైన మనకు ఆమె సదా స్మరణీయురాలు.