గూడవల్లి రామబ్రహ్మముగారి కడపటి చిత్రము

పల్నాటివారికి బాలచంద్రుడు ఇంటి బిడ్డ. కారెంపూడిలో నేటికిని కార్తిక అమావాస్య మొదలు అయిదు దినములు మందపోరు, కోడిపోరు మున్నగు పేళ్లతో వీరారాధనోత్సవములు జరుగుచున్నవి. ఆ గాథను వెండితెర కెక్కింప బూని, మధ్యలోనే కన్నుమూసిన గూడవల్లి రామబ్రహ్మముగారిని మాత్రము మన పాఠశాలలలో తలచువారు అరుదు.

వీరు 1902లో కృష్ణామండలమున నందమూరులో జన్మించిరి. 'ప్రజామిత్ర' సంపాదకులుగా పేరు పొంది, పిదప మద్రాసులో చిత్రపరిశ్రమ ప్రవేశించిరి. పత్రిక అక్షరము వచ్చినవానికే అందును; చిత్రము పాలేరునకును అందును. సంపాదకుడు నిర్మాత యగుటలో వింత యేమున్నది?

చల్లపల్లి రాజా యార్లగడ్డ శివరామప్రసాద్ గారి అండతో నెలకొన్న సారథి సంస్థ పక్షమున వీరు 1938లో 'మాలపిల్ల'ను నిర్మించి, దర్శకత్వమును తామే వహించిరి. తెలుగు టాకీ అప్పటికి పురాణముల పొలిమేర దాటుట అరుదు. కథ చలముగారిది, మాటలు తాపీ ధర్మారావుగారివి. పాత్రలు నాటక ఫక్కిని విడిచి, ఇంటిలో మాటలాడుకొను తెలుగునే మాటలాడినవి. బ్రాహ్మణ యువకుడు హరిజన కన్యను వరించుట, హరిజనులు ఆలయద్వారము ముందు నిలుచుట అందలి ఇతివృత్తము. కాంచనమాల నాయిక. అగ్నిప్రమాదమునుండి తన భార్యను హరిజనుడు కాపాడిన పిదపగాని శాస్త్రి మనసు మారదు. ఇది నాకు కథలో బలహీనమైన పట్టుగా తోచును. ప్రాణదానము చేసిననే గాని గుడిలోనికి రానీయరాదా? అయినను 1938 నాటి ప్రేక్షకుల యెదుట ఆ మాత్రము చూపుటకే గుండె కావలెను.

మరుసటి ఏట 'రైతుబిడ్డ' వచ్చెను. జమీందారుగారి ధనముతో జమీందారీ దౌష్ట్యమును ఎండగట్టిన చిత్రమిది! తక్కిన జమీందారులు మండిపడిరి. కొన్ని తావుల ప్రదర్శనము నిషేధింపబడెను. 'ఇల్లాలు', 'పత్ని', 'పంతులమ్మ' అటుపై వచ్చినవి. కాంభోజరాజు కథ ఆధారముగా 1945లో తీసిన 'మాయాలోకము' జానపదము. సంఘసంస్కర్త మాయలలో బడెనని కొందరు నొచ్చుకొనియుందురు.

అట్టివారికి సమాధానమా యనునట్లు వారు 'పల్నాటి యుద్ధము' చేపట్టిరి. శ్రీనాథుని పేర ప్రసిద్ధమైన వీరచరిత్ర మనకు ఉన్నదే. మాచర్ల, గురజాల దాయాదుల పోరు, కోడిపందెము, నాగమ్మ మంత్రాంగము అందరెరిగినవి. కాని చాపకూటి మాట మరువరాదు. అన్ని కులములవారిని ఒకే చాపపై కూర్చుండబెట్టి భోజనము పెట్టించినవాడు బ్రహ్మనాయుడు. మాలకులజుడైన కన్నమదాసును కొడుకుగా జేకొన్నవాడు. 'మాలపిల్ల' తీసినవారికి ఈ కథ పరాయిదెట్లగును? ఆలయద్వారమున ఆగిన ప్రశ్నకు పల్నాటిసీమ ఎనిమిది వందల యేండ్లకు పూర్వమే పంక్తిభోజనమున బదులు చెప్పినదని వారికి తోచియుండును.

గోవిందరాజుల సుబ్బారావుగారు బ్రహ్మనాయుడు, కన్నాంబ నాగమ్మ, యువకుడైన అక్కినేని నాగేశ్వరరావు బాలచంద్రుడు. చిత్రము ముగియకుండగనే 1946 అక్టోబరు 1వ తేదీన రామబ్రహ్మముగారు మద్రాసులో మరణించిరి. వయస్సు నలుబదినాలుగు. మిగిలిన భాగమును ఎల్.వి. ప్రసాద్ గారు పూర్తిచేయగా 1947లో విడుదలయ్యెను. మద్రాసు రాష్ట్రమున హరిజనులకు గుడి తలుపులు తెరచిన శాసనము ఆ యేటిదే. జమీందారీల రద్దు శాసనము 1948లో వచ్చినది.