భక్త రామదాసు: చెర దాటిన కీర్తన

ఖమ్మం నుండి భద్రాద్రికి బయలుదేరిన యాత్రికునికి వైరా చేరగానే జలాశయం మీది చల్లని గాలి మేనికి సోకుతుంది. అక్కడి నుండి తల్లాడ, కొత్తగూడెం, పాల్వంచల మీదుగా దారి క్రమక్రమంగా అడవిలోనికి ప్రవేశించి, చివరకు గోదావరీ తీరాన శ్రీసీతారామచంద్రుల సన్నిధికి చేర్చుతుంది. శ్రీరామనవమికి, ముక్కోటి ఏకాదశికి ఈ దారిన సాగిపోయే భక్తబృందాలలో ఒకరు పల్లవి ఎత్తుకొంటే తక్కినవారందరూ అందుకొంటారు. ఆ పల్లవి తరచుగా రామదాసుదే అయి ఉంటుంది. ఆయన జన్మించిన నేలకొండపల్లి ఖమ్మానికి ఒకవైపున ఉన్నది; ఆయన జీవితాన్ని ధారపోసిన భద్రాచలం మరొకవైపున ఉన్నది. కనుక ఈ నేలపై ఆయన పాట వినిపించడంలో వింత లేదు.

వింత మరొకచోట ఉన్నది. ఇదే పాట కావేరీ తీరాన, తెలుగు మాతృభాష కాని గృహస్థుల ఇండ్లలో, భజన గోష్ఠులలో తరతరాలుగా నిత్యానుష్ఠానంగా నిలిచి ఉన్నది. దానిని రచించినవాడు గోలకొండ కోటలో బందీగా మగ్గినవాడు. కాళ్లకు సంకెళ్లు పడినవాని పాట దేశాంతరం ఎట్లా వెళ్లినది? వెళ్లినచోట ఎట్లా వేరూనినది? ఆ మహాభక్తుని జీవితాన్ని ఈ దృష్టితో ఒకసారి స్మరించుకొందాము.

కంచర్ల గోపన్న 17వ శతాబ్దపు పూర్వార్ధంలో నేలకొండపల్లిలో లింగన్న, కామాంబ దంపతులకు జన్మించినాడు. ఆరువేల నియోగి కుటుంబం. గోలకొండ సుల్తాను అబుల్ హసన్ తానీషా కొలువులో ప్రముఖులైన అక్కన్న, మాదన్నలు ఆయనకు మేనమామలు. శ్రీవైష్ణవ గురువైన రఘునాథ భట్టరు ఆయనకు ఉపదేశం చేసినారు. కబీరుదాసు ఆయనకు తారకమంత్రం అనుగ్రహించినాడన్న కథ కూడా జనుల నోట నిలిచినది. మామల ప్రాపకంతో గోపన్న పాల్వంచ పరగణాకు తహశీలుదారు అయినాడు. పన్నులు వసూలు చేసి సుల్తాను ఖజానాకు జమకట్టడం ఆయన ఉద్యోగ ధర్మం.

ఆ పరగణాలోనిదే భద్రగిరి. వామాంకమున సీతమ్మను కూర్చుండబెట్టుకొని, పక్కన లక్ష్మణునితో, శంఖచక్రాలు ధరించిన చతుర్భుజ రామమూర్తి అక్కడ వెలసియున్నాడు. పోకల దమ్మక్క అనే భక్తురాలు ఆ మూర్తులను కనుగొని, ఆకులతో పందిరి వేసి, అడవిలో దొరికిన పండ్లు నివేదించి కొలిచినదని స్థలపురాణం. జగదేకవీరుడైన స్వామి ఎండకు ఎండి వానకు తడియడం గోపన్న చూడలేకపోయినాడు. గోపురప్రాకారాదులతో ఆలయం నిర్మింపబూనినాడు. భక్తుల విరాళాలు చాలలేదు. అప్పుడు చేతిలో ఉన్న సర్కారు సొమ్ము తీసి వెచ్చించినాడు. ఆలయం లేచినది; స్వామికి, అమ్మవారికి, తమ్ములకు ఆభరణాలు అమరినవి. ఖజానాకు చేరవలసిన ఆరు లక్షల వరహాలు మాత్రం చేరలేదని సంప్రదాయం చెబుతున్నది.

ఇక్కడ ఒక మాట దాచకుండా చెప్పుకోవాలి. అది ప్రజలు కట్టిన పన్ను. దానికి లెక్క అడిగే హక్కు ప్రభువుకు ఉన్నది. భక్తిచేత చేసినంత మాత్రాన లోకదృష్టిలో అది తప్పు కాకుండా పోదు. ఆ సంగతి గోపన్న ఎరుగనివాడు కాదు. ఆయన గొప్పతనం తప్పును కప్పిపుచ్చడంలో లేదు. లెక్కను తన స్వామి ముందే విప్పి పెట్టడంలో ఉన్నది. గోలకొండ కోటలో చెరసాల పాలై, కొరడా దెబ్బలు తిని, పన్నెండేండ్లు గడపినాడని ప్రసిద్ధి. ఆ చీకటిగదిలో గోడపై ఆయన మలచుకొన్న మూర్తులని చెప్పే శిల్పాలను నేటికీ యాత్రికులు దర్శిస్తున్నారు.

చెరలోనిదిగా చెప్పే ఒక కీర్తనలో ఆయన గుమాస్తా వలె పద్దులు చదువుతాడు. భరతునికి చేయించిన పచ్చల పతకానికి ఇంత, శత్రుఘ్నుని బంగారు మొలత్రాటికి ఇంత, లక్ష్మణుని ముత్యాల పతకానికి ఇంత, సీతమ్మ చింతాకు పతకానికి ఇంత అని ఒక్కొక్కటే ఎత్తి చూపుతాడు. ఇంత చేసినా తనను పలుకరింపని స్వామిని, ఎవరి సొమ్మని కులుకుతున్నావని నిలదీస్తాడు. అంతలోనే, దెబ్బలకు ఓర్వలేక అన్న మాటలివి, కోపగించవద్దని వేడుకొంటాడు. నిష్ఠూరము, శరణాగతి ఒకే పాటలో, ఒకే గుక్కలో వస్తాయి. మరొక కీర్తనలో, స్వామి ఎంతకూ పలుకకపోగా, సీతమ్మ తల్లిని ఆశ్రయించి, ఏకాంతవేళ నాథునితో తన మాట ఒకటి చెప్పమని ప్రార్థిస్తాడు. అపరాధి అయిన జీవునికి, స్వతంత్రుడైన ఈశ్వరునికి నడుమ తల్లి నిలిచి దయ పుట్టించడాన్ని మన పెద్దలు పురుషకారమన్నారు. ఆ శాస్త్రార్థం ఇక్కడ ఇంటి బిడ్డ తల్లి కొంగు పట్టుకొని అడిగినంత సులువుగా పాటలో పలికినది.

తరువాతి కథ ఆబాలగోపాలానికి తెలిసినదే. ఒకనాటి రాత్రి రామోజీ, లక్ష్మోజీ అను ఇద్దరు యువకులు తానీషా శయనమందిరంలో ప్రత్యక్షమై, బాకీ మొత్తం చెల్లించి, రసీదు పుచ్చుకొని అంతర్ధానమైనారు. దర్శనం సేవకునికంటె ముందు ప్రభువుకు లభించినది! సుల్తాను పశ్చాత్తాపంతో గోపన్నను విడిపించినాడు. శ్రీరామనవమి కల్యాణానికి ప్రభుత్వం ముత్యాల తలంబ్రాలు సమర్పించే ఆచారానికి తానీషాయే ఆద్యుడని పెద్దలు చెబుతారు. 1687లో ఔరంగజేబు సేనలకు గోలకొండ లొంగిపోయినది. రాజ్యం పోయినది, ఖజానా పోయినది. పాట మాత్రం మిగిలినది.

మిగలడానికి కారణం ఆ పాట నిర్మాణంలోనే ఉన్నది. రామదాసు కీర్తనలో పల్లవి చిన్నది; ఒకసారి వినగానే నోటికి వస్తుంది. చరణాలు అనేకం, అయినా చాలచోట్ల అన్నింటికీ వరుస ఒకటే. ఒక చరణం పట్టుబడితే పాటంతా పట్టుబడినట్లే. ఆనందభైరవి, నాదనామక్రియ, పున్నాగవరాళి, సావేరి వంటి రాగాలు కరుణను సహజంగా పలికిస్తాయి. తాళం చేతిచప్పట్లకు, చిడుతలకు ఒదుగుతుంది. విద్వాంసుడు పాడితే వినడానికి మాత్రమే కాక, పదిమంది కూడి పాడుకోవడానికి అనువైన పాట అది. ప్రతివానికి అందులో ఒక వంతు ఉన్నది.

ఆ కాలంలో మన పెద్దలు అరవదేశమని పిలిచే సీమలో తంజావూరును 1673 వరకు తెలుగు నాయకరాజులు పాలించినారు. పిమ్మట మరాఠా ప్రభువులు వచ్చినా అక్కడ సంగీతానికి తెలుగే వాహికగా నిలిచినది. తెలుగు నేల నుండి తరలిపోయిన కుటుంబాలు కావేరి ఒడ్డున స్థిరపడి, తమ భాషను, దైవాన్ని, పాటను కాపాడుకొన్నవి. శ్రీత్యాగరాజస్వామి (1767–1847) పూర్వులు అట్టివారే, ఇంటిపేరు కాకర్ల. చిన్ననాట తల్లి సీతమ్మ పూర్వభక్తుల కీర్తనలు పాడి వినిపించేదని ఆయన జీవితచరిత్రలు చెబుతున్నవి. దేశాంతరం వెళ్లిన పాటకు మొదటి నివాసం తల్లి ఒడి.

త్యాగరాజస్వామి రామదాసును తనకు పూర్వుడైన భక్తాగ్రేసరునిగా పలుమార్లు స్మరించినారు. ప్రహ్లాదభక్తివిజయ నాటకారంభంలో ఒక పద్యంతో వినుతించినారు. దేవగాంధారి రాగంలోని ఒక కృతిలో రామదాసు బంధం తీర్చిన దయను స్వామికి జ్ఞాపకం చేసినారు. కీరవాణిలోని మరొక కృతిలో నారద ప్రహ్లాదాదుల సరసన ఆయనను నిలిపినారు. భద్రాద్రి భక్తునికి పంచనదక్షేత్రంలో ఇంతకంటె గొప్ప సన్మానం ఏమున్నది? ఇది పేరు తలచుకోవడంతో ఆగలేదు. త్యాగరాజస్వామి దివ్యనామ కీర్తనలలో కనిపించే చిన్న పల్లవి, ఒకే వరుసలో సాగే అనేక చరణాలు, గోష్ఠిగా పాడదగిన సరళత, స్వామిని చనువుగా నిష్ఠూరమాడే తీరు రామదాసు బాటను గుర్తుచేస్తాయి. విత్తనం గోదావరిది; కావేరి నీటితో అది మరొక వృక్షమైనది.

అయితే ఒక మహాకవి ఆదరించినంత మాత్రాన పాట ఊరూరా వేరూనదు. దానికి నిత్యం పాడే వేళ, కూర్చుండే చోటు కావాలి. ఆ రెండింటినీ కల్పించినది దక్షిణదేశపు భజన సంప్రదాయం. బోధేంద్రస్వామి, శ్రీధర అయ్యవాళ్లు నామసిద్ధాంతాన్ని స్థాపింపగా, మరుదానల్లూరు సద్గురుస్వామి (1777–1817) భజనకు ఒక పద్ధతిని ఏర్పరచినారు. మొదట తోడయమంగళం, పిదప గురుధ్యానం, జయదేవుని అష్టపదులు, నారాయణతీర్థుల తరంగాలు, ఆ తరువాత పలువురు భక్తుల కీర్తనలు. తోడయమంగళంలోని తొలి పాటను రామదాసుదిగానే పాడుతారు. కీర్తనల వరుసలోనూ పురందరదాసు, సదాశివ బ్రహ్మేంద్రుల పక్కన ఆయనకు ఆసనం ఉన్నది. అంటే ఆయన పాట అక్కడ అతిథి కాదు. అది లేకుండా పూజ మొదలు కాదు.

ఆ గోష్ఠులలో పాడేవారిలో అనేకులకు తెలుగు చదువ రాదు. తమిళలిపిలో వ్రాసుకొంటారు. ఆ లిపిలో క, ఖ, గ, ఘలకు ఒకటే అక్షరం కావడంతో ఉచ్చారణ కొన్నిచోట్ల మారుతుంది. రాగాలు కూడా ఊరూరికి మారినవి. మనవారు ఒక రాగంలో పాడే కీర్తనను వారు మరొక రాగంలో పాడుతారు. దీనిని అపచారమని చిన్నచూపు చూడరాదు. పరాయి మాటను అర్థం అడిగి తెలిసికొని, తండ్రి నుండి కొడుకు నేర్చి, రెండు వందల ఏండ్లు వదలక పాడినవారి నిష్ఠ ముందు ఒక అక్షరం జారడం ఎంతటి లోపం? తాళ్లపాక అన్నమాచార్యుల వేలాది సంకీర్తనలు తిరుమల ఆలయంలో రాగిరేకులపై చెక్కబడి కూడా శతాబ్దాల పాటు లోకానికి దూరమైనవి. అట్టి కాలంలోనూ ఆయన పాటలు కొన్ని ఈ తోడయమంగళంలో జనుల నోట బ్రతికే ఉన్నవి. రాగిరేకు భద్రపరుస్తుంది, నోరు బ్రతికిస్తుంది.

వెళ్లిన పాట ఉత్తచేతులతో ఉండిపోలేదు, ఋణం తీర్చుకొన్నది. భద్రాద్రిలో నిత్యసేవలు కుంటుపడిన కాలంలో గుంటూరు సీమకు చెందిన తూము నరసింహదాసు (1790–1833), కాంచీపురం నుండి వచ్చిన వరద రామదాసు కలసి స్వామి కైంకర్యాలను మరల చక్కదిద్దినారు. నరసింహదాసు తిరువయ్యారు వెళ్లి త్యాగరాజస్వామిని దర్శించి, ఆదరం పొందినారని భక్తచరిత్ర. వరద రామదాసు పరమపదించగా ఆయన దేహంతోపాటు తానూ గోదావరిలో ఐక్యమైనాడు నరసింహదాసు. గోదావరి పాట కావేరికి పోగా, కంచి భక్తుడు గోదావరికి వచ్చినాడు.

సముద్రం కూడా ఈ భక్తికి అడ్డు కాలేదు. 19వ శతాబ్దంలో కోరంగి, విశాఖ రేవుల నుండి చెరకుతోటల కూలికి మారిషస్ దీవికి వెళ్లిన తెలుగువారు రామభజనాన్ని వెంట తీసికొనిపోయినారు. దీపం చుట్టూ తిరుగుతూ రాత్రి తెల్లవార్లూ పాడే ఆ ఆచారాన్ని, ఇంట తెలుగు మాట తగ్గిపోయిన తరాలవారు సైతం విడువలేదు. స్వదేశంలో 1964లో చిత్తూరు నాగయ్య గారి చలనచిత్రం రామదాసు కథను ఊరూరా చూపినది. ఆకాశవాణి భక్తిరంజని ద్వారా, రికార్డుల ద్వారా మంగళంపల్లి బాలమురళీకృష్ణ (1930–2016) గానం ఆ కీర్తనలను మరల ఇంటింటికీ చేర్చినది.

రికార్డు వినిపిస్తుంది, పాడించడం మాత్రం మన పని. రామదాసు పాట పరదేశంలో నిలిచినది పాండిత్యం వల్ల కాదు, రాజాశ్రయం వల్ల కాదు. ఇంట దీపం పెట్టిన వేళ నలుగురు కూర్చుండి వంతు పలికినందువల్ల నిలిచినది. భాష రానివారు అంత చేసినప్పుడు, భాష వచ్చిన మనము, ఆ మహనీయుడు పుట్టిన నేలపై నడిచే మనము, విని ఊరకుండడం న్యాయమా? ఈసారి వైరా దాటి అడవి దారి పట్టినప్పుడు పల్లవి ఎవరో ఎత్తుకొంటారని ఎదురుచూడక మనమే ఎత్తుకొందాము. పిల్లల చేత చరణం అందుకొనజేద్దాము. స్వామి రామదాసు బాకీ తీర్చినాడు. రామదాసుకు మనము పడిన బాకీ తీర్చడానికి ఇంతకంటె సులభమైన మార్గం లేదు.